ఫ్రాన్స్‌లో ముందుకు సాగలేకపోయిన అలెన్‌బీ పాలస్తీనాలో ఎలా గెలిచారు?

మొదటి ప్రపంచ యుద్ధంలో ఫ్రాన్స్‌లోని కందకాల పోరులో పేరు తెచ్చుకోలేకపోయిన బ్రిటిష్ అశ్వికదళ అధికారి ఎడ్మండ్ అలెన్‌బీ అదే 1917లో పాలస్తీనాలో ఎలా గెలిచారని, ఆ విజయాల్లో నిజాం సంస్థానపు అశ్వికదళమైన హైదరాబాద్ లాన్సర్ల పాత్ర ఏమిటని అడిగారు. ఉద్యోగరీత్యా కొన్నేళ్లు హైఫాలో ఉన్నప్పుడు సెలవు రోజుల్లో ఆ యుద్ధం జరిగిన చోట్లు తిరిగి చూశాను. అక్కడి నేలను చూశాక, గుర్రాల వేగం కన్నా గుర్రాలకు నీళ్లెక్కడ దొరుకుతాయో ముందే లెక్క చూసుకునే అలవాటే ఆయన్ను గెలిపించిందని నాకు గట్టిగా అనిపించింది.

1861లో పుట్టిన అలెన్‌బీ ఐసీఎస్ పరీక్ష రెండుసార్లు తప్పాక సైనిక కళాశాలలో చేరి, 1882లో ఇన్నిస్కిల్లింగ్ డ్రాగూన్స్ అనే అశ్వికదళంలో అధికారి అయ్యారు. దక్షిణాఫ్రికాలో డచ్ సంతతి వలసదారులతో బ్రిటన్ చేసిన బోయర్ యుద్ధం ఆయనకు అసలైన బడి. అక్కడ బ్రిటిష్ సైన్యం మూడు లక్షలకు పైగా గుర్రాలను పోగొట్టుకుంది. వాటిలో ఎక్కువ భాగం చనిపోయింది తూటాలకు కాదు, అలసటకూ ఆకలికీ రోగాలకూ. 1910లో అశ్వికదళాల ఇన్‌స్పెక్టర్ జనరల్ అయ్యేనాటికి ఆయన క్రమశిక్షణకూ కోపానికీ పేరుపడ్డారు. సైనికులు చాటుగా ‘బుల్’ (ఆబోతు) అనేవారు.

1917 ఏప్రిల్ 9న ఫ్రాన్స్‌లోని ఆరాస్‌లో ఆయన నడిపిన థర్డ్ ఆర్మీ మొదటి రోజు బాగా ముందుకు వెళ్లింది. తరువాత ముళ్లకంచెలు, మరతుపాకుల ముందు దాడి నిలిచిపోయినా ఆయన ఇంకా తరమమనే ఆదేశాలిచ్చారు. అక్కడి ప్రాణనష్టంలో ఆయన బాధ్యత లేదని నేను అనను. జూన్‌లో ఆయన్ను, పాలస్తీనాలో ఒట్టోమన్ తుర్కులతో పోరాడుతున్న బ్రిటిష్ సేనకు అధిపతిగా ఈజిప్టుకు మార్చారు.

గాజా మీద అప్పటికే రెండు దాడులు విఫలమయ్యాయి. అలెన్‌బీ ప్రధాన కార్యాలయాన్ని కైరో నుంచి యుద్ధరంగం దగ్గరికి తరలించి, దళాలన్నిటినీ స్వయంగా చూసి వచ్చారు. జూలై చివర ఒక్కగానొక్క కొడుకు బెల్జియంలో యుద్ధంలో చనిపోయినా పని ఆపలేదు. సినాయ్ ఎడారి మీదుగా రైలుమార్గం, నీటి గొట్టాలు వేయించిన ఘనత ఆయనకు ముందున్న సేనాధిపతి ముర్రేది. గాజాను వదిలి, శత్రువు రక్షణ వరుసకు తూర్పు కొసన ఉన్న బీర్షెబాను కొట్టాలన్న పథకం ఆయన కింది సేనాని చెట్‌వుడ్‌ది. దాన్ని ఒప్పుకుని, దాడి గాజా మీదేనని శత్రువును నమ్మించి, అమలు చేయించినది అలెన్‌బీ. బీర్షెబాలోని బావులు ఆ రోజే చేతికి రాకపోతే గుర్రాలు నీళ్ల కోసం వెనక్కి మళ్లక తప్పదు. అక్టోబర్ 31న పదాతిదళం ఉదయం నుంచి పోరాడాక, పొద్దువాలే వేళ ఆస్ట్రేలియా రౌతులు తుపాకులకు బిగించే బయొనెట్లను కత్తుల్లా పట్టుకుని గుర్రాలను కందకాల మీదుగా దూకించారు. ఆ మైదానం మీద దాక్కోవడానికి చెట్టన్నది లేదు. ఊళ్లోని యుద్ధ శ్మశానంలో సమాధుల మీద ఆ ఒక్క తేదీయే మళ్లీ మళ్లీ కనిపించింది.

డిసెంబర్ 11న జెరూసలేంలోకి ఆయన జాఫా ద్వారం గుండా నడిచి వెళ్లారు. 1898లో జర్మన్ చక్రవర్తి రాక కోసం గోడ తొలిచిన దారి ఆ పక్కనే ఉంది. ఇప్పుడు అందులోంచి కార్లు వెళ్తుంటాయి.

1918లో ఆయన దళాల్లో చాలా భాగాన్ని ఫ్రాన్స్‌కు పిలిపించుకోగా, ఆ స్థానాల్లోకి భారతీయ దళాలు వచ్చాయి. సెప్టెంబర్ 19న ఉత్తర పాలస్తీనాలోని మెగిద్దో పేరుతో పిలిచే దాడికి ముందు జోర్డాన్ లోయలో గుడ్డతో చేసిన గుర్రాలను నిలబెట్టి, కంచరగాడిదలతో దుమ్ము లేపించి, అసలు అశ్వికదళాన్ని తీరం దగ్గరి తోటల్లో దాచారు. పదాతిదళం దారి తెరవగానే అది శత్రువు వెనక్కి చేరింది.

హైఫా రేవు పట్టణాన్ని సెప్టెంబర్ 23న పట్టుకున్నది జోధ్‌పూర్, మైసూర్ సంస్థానాల లాన్సర్లు. ఒక వైపు కార్మెల్ కొండ, మరో వైపు కిషోన్ వాగు బురద, మధ్యలో ఇరుకుదారి. ఆ దారిన నడిచాకే వారి సాహసం ఎంతటిదో నాకు అర్థమైంది. హైదరాబాద్ లాన్సర్లు అదే పదిహేనవ బ్రిగేడ్‌లోని వారే, ఈ మూడు సంస్థానాల లాన్సర్ల స్మారకమైన ఢిల్లీలోని తీన్ మూర్తిలో ఒక విగ్రహం వారిదే. కానీ ఆ రోజు దాడిలో వారు లేరు. మనవాళ్లే హైఫాను గెలిచారని రాయడం అక్కడ ప్రాణమిచ్చిన వారికి అన్యాయం.

యుద్ధం ముగిశాక అలెన్‌బీ ఫీల్డ్ మార్షల్ అయి, 1919 నుంచి 1925 దాకా బ్రిటన్ అధీనంలోని ఈజిప్టులో హైకమిషనర్‌గా ఉన్నారు. రాజీనామా చేస్తానని లండన్‌ను ఒత్తిడి చేసి, 1922 ఫిబ్రవరి 28న ఈజిప్టు స్వాతంత్ర్య ప్రకటన చేయించారు. బ్రిటన్ కొన్ని అధికారాలను తన చేతిలోనే ఉంచుకున్నా, ఒక సైనికుడు అంతవరకు తన ప్రభుత్వాన్ని కదిలించడాన్ని నేను మెగిద్దో కన్నా తక్కువగా చూడను.