ఖాళీ స్టాంపు కాగితం మీద పాత తేదీ రసీదు రాసుకుంటే అగ్రిమెంటు దావా గట్టిపడుతుందా?

మీరు చెప్పింది ఇదీ. పత్తికొండ దగ్గర 4 ఎకరాల మెట్ట చేను, ఎకరా 5 లక్షల లెక్కన అగ్రిమెంటు. 6 లక్షలు అడ్వాన్సు, 6 నెలల గడువు. గడువు దాటి 2 సంవత్సరాల 3 నెలలైంది, అమ్మినాయన రిజిస్ట్రేషన్‌కు రాడు. ఆయన సంతకం ఉన్న ఖాళీ స్టాంపు కాగితం మీ దగ్గరుంది. గడువు లోపలే ఇంకో 4 లక్షలు ముట్టినట్టు దాని మీద రాసుకుందామా, ఒక ఎకరా డీకేటీ (సర్కారు పట్టా ఇచ్చిన అసైన్డ్ భూమి) అన్న సంగతి లాయరుకు చెప్పాలా అని అడిగారు.

కాగితం జోలికి పోవద్దు. పాపపుణ్యాలు పక్కన పెట్టినా, అవతలి లాయరు కోర్టులో అడిగే క్రాస్ ప్రశ్నల ముందు అది నిలవదు. స్టాంపు వెనక నంబరు, అమ్మిన తేదీ, కొన్నవాళ్ల పేరు ఉంటాయి. స్టాంపు కాగితానికి 6 నెలలే ఆయుష్షు అని ఊళ్లో చెప్పుకునేది తప్పు, సుప్రీంకోర్టు 2008లోనే ఆ మాట తేల్చింది. కానీ అగ్రిమెంటు కాగితం, రసీదు కాగితం ఒకేరోజు వరుస నంబర్లతో కొన్నవైతే, ‘ఆ రోజే ఖాళీ కాగితం మీద సంతకం తీసుకున్నారు కదా?’ అన్నదే మొదటి ప్రశ్న. సంతకం ముందూ రాత వెనకా పడితే పంక్తులే పట్టిస్తాయి: పైన వదులుగా మొదలై, సంతకం దగ్గరికొచ్చేసరికి ఇరుక్కుంటాయి. తర్వాత దస్తూరి, సాక్షులు. రసీదు తేదీన మీ సాక్షి గుంటూరు వైపు మిరప కోతకు పోయి ఉంటే, ఆ సంగతి ఊరంతటికీ తెలుసు, అవతలి లాయరుకూ తెలుస్తుంది. ఆ 4 లక్షలు ఏ ఖాతాలోంచి తీశారంటే ఏం చెబుతారు? పైగా 2 లక్షలూ ఆపైన నగదు ఇచ్చామని దావాలో రాస్తే, కోర్టు ఆ సంగతి ఆదాయపు పన్ను శాఖకు తెలపాలని 2025 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు చెప్పింది. లేని డబ్బుకు లెక్క చూపే పని మీ మెడకే పడుతుంది.

రసీదు అబద్ధమని తేలితే పోయేది రసీదొక్కటే కాదు. ఒప్పందాన్ని కోర్టు ద్వారా అమలు చేయించే స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం 16(సి) కింద, మిగతా సొమ్ముతో మొదటినుంచీ సిద్ధంగా ఉన్నామని వాది రుజువు చేయాలి. 2018 సవరణ తర్వాత కూడా ఆ షరతు అట్లే ఉంది. ఒక రసీదు పుట్టించిన మనిషి సిద్ధంగా ఉన్నానంటే జడ్జి ఎందుకు నమ్మాలి? నిజంగా ఇచ్చిన 6 లక్షల మీదా అనుమానం పాకుతుంది. తప్పుడు సాక్ష్యానికి భారతీయ న్యాయ సంహిత 229 కింద 7 ఏళ్ల వరకు జైలు. ఫిర్యాదు చేసేది కోర్టే, భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 379 కింద. అన్ని కేసుల్లోనూ అంతదూరం పోదు గానీ, దావా పోవడం మాత్రం ఖాయం.

డీకేటీ సంగతి లాయరుకు మొదటిరోజే చెప్పండి. 1977 చట్టం ప్రకారం అసైన్డ్ భూమి అమ్మకం చెల్లదు. 2023 సవరణతో, అసైన్ చేసి 20 ఏళ్లు దాటినచోట అసలు పట్టాదారుకు సడలింపు వచ్చింది. కాబట్టి పట్టా ఏ సంవత్సరానిది, అది అమ్మినాయన పేరునే ఉందా, సర్వే నంబరు 22-ఏ నిషేధిత జాబితాలో (రిజిస్ట్రేషన్ చేయకూడని భూముల జాబితాలో) ఉందా అన్నవి తేల్చుకోవాలి. దాచి డిక్రీ తెచ్చుకున్నా సబ్ రిజిస్ట్రారు దగ్గర ఆగిపోతుంది. చెప్పి వేస్తే, మిగతా 3 ఎకరాలకు స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం 12వ సెక్షన్ కింద అడిగే దారి ఉంది. అవసరమైన కాగితం దాచడం కోర్టును మోసం చేయడమేనని 1993 అక్టోబరులో చెంగల్వరాయ నాయుడు కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అక్కడ వాది దాచింది తాను రాసిచ్చిన ఒక రిలీజ్ డీడ్ (హక్కు వదులుకున్న కాగితం).

ఇప్పుడు అసలు తొందర. లిమిటేషన్ చట్టం 54వ ఆర్టికల్ ప్రకారం గడువు తేదీనుంచి 3 ఏళ్లు. మీకు మిగిలింది 9 నెలలు. నోటీసు ఇస్తే కాలం పొడిగిందనుకుని చాలామంది దెబ్బతింటారు. పొడగదు. గడువు పెంచుతూ ఇద్దరూ అగ్రిమెంటు మీద నిజంగా రాసుకున్న చెల్లు (రాత) ఉంటే అది వేరే సంగతి. ఈ వారమే స్పీడ్ పోస్టులో రిజిస్ట్రేషన్ పెట్టించి నోటీసు పంపండి, ఫలానా తేదీకి మిగతా 14 లక్షలతో సబ్ రిజిస్ట్రారు ఆఫీసుకు వస్తానని. డీకేటీ ఎకరా సంగతీ అందులోనే రాయించండి. ఆ రోజు పోవాలి, పోయినట్టు రుజువు మిగలాలి. గడువునాటినుంచి ఇప్పటిదాకా బ్యాంకు స్టేట్‌మెంట్లు తీయండి. డబ్బు కోర్టులో కట్టి చూపాలని లేదు, సమకూర్చుకోగలిగే స్థోమత కనబడాలి. మధ్యలో చేతిలో డబ్బు లేని కాలం ఉంటే అదీ లాయరుకు చెప్పండి. దాన్నిబట్టే కేసు నడక మారుతుంది.

అగ్రిమెంటు రిజిస్టరు కాలేదని భయపడొద్దు. రిజిస్ట్రేషన్ చట్టం 49వ సెక్షన్ మినహాయింపుతో ఈ దావాలో సాక్ష్యంగా పనికొస్తుంది. కానీ అందులో ‘స్వాధీనం ఇచ్చినాను’ అన్న మాట ఉందేమో చూడండి. ఉంటే మన రాష్ట్రంలో సేల్ డీడ్ లెక్కన స్టాంపు సుంకం, దాని లోటు మీద పదింతల జరిమానా పడతాయి. అది తప్పించుకోవడానికి చేను మా స్వాధీనంలో లేదని, ఇంజంక్షన్‌కు (అవతలివాళ్లను అడ్డుకునే కోర్టు ఆర్డరుకు) ఉందని చెబితే, ఈ-పంటలో (సర్కారు పంట నమోదులో) వేరుశనగ ఎవరి పేరున ఎక్కిందో తెచ్చి ముందు పెడతారు. మధ్యంతర ఇంజంక్షన్ అబద్ధం మీద తెచ్చుకుంటే సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డరు 39 రూలు 4 కింద తీసేస్తారు.

ప్లెయింటులో (దావా కాగితంలో) ప్రత్యామ్నాయంగా 6 లక్షలు వడ్డీతో వాపసు ఇప్పించమని తప్పక రాయించండి. స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం 22వ సెక్షన్ ప్రకారం అడగకపోతే ఇవ్వరు. డిక్రీ వచ్చాక బాకీ సొమ్ము కట్టాల్సిన తేదీని క్యాలెండరులో గుర్తుపెట్టుకోండి. ఆలస్యమయ్యేట్టుంటే ముందుగానే పొడిగింపు అర్జీ వేయాలి. లేకుంటే అదే చట్టం 28వ సెక్షన్ కింద అగ్రిమెంటు రద్దు చేయమని అమ్మినాయన అడుగుతాడు.