సాహెబులు సరే, మున్షీల మాటేమిటి?

ప్రశ్న: ఆంగ్లేయులు రాకపోతే మన భాషల్లో నవల పుట్టేదే కాదని ఒక సభలో వక్త అన్నారు. శిశిర్ కుమార్ దాస్ రచనలు చదివితే ఇందులో నిజమెంతో తెలుస్తుందని మిత్రులొకరు చెప్పారు. ఏ పుస్తకంతో మొదలుపెట్టాలి?

జవాబు: దాస్ ఢిల్లీ విశ్వవిద్యాలయంలో బెంగాలీ ఆచార్యులుగా పనిచేశారు. ముందుగా 1978లో వచ్చిన ‘సాహిబ్స్ అండ్ మున్షీస్’ చదవండి (మున్షీలంటే దొరలకు దేశభాషలు నేర్పిన పండితులు). గవర్నర్ జనరల్ వెల్లస్లీ 1800లో కలకత్తాలో స్థాపించిన ఫోర్ట్ విలియం కళాశాల చరిత్ర అది. కంపెనీ ఉద్యోగులకు దేశభాషలు నేర్పడానికి వచన పాఠ్యపుస్తకాలు కావలసివచ్చినప్పుడు, బెంగాలీలో రామ్‌రామ్ బసు, మృత్యుంజయ విద్యాలంకార్, హిందీలో లల్లూలాల్, ఉర్దూలో మీర్ అమ్మన్ వాటిని సమకూర్చారు. అంటే అవసరం దొరలది, కలం మున్షీలది. దాస్ తన పుస్తకం పేరులోనే ఇద్దరినీ పక్కపక్కన నిలిపారు. (మనం మాత్రం బ్రౌను దొరను తలచుకున్నంతగా ఆయన వద్ద పనిచేసిన పండితుడు జూలూరి అప్పయ్యను తలచుకోము.)

మీ ప్రశ్నకు నేరుగా సంబంధించినది, ఆయన సాహిత్య అకాడమీ కోసం ఇంగ్లీషులో రాసిన భారతీయ సాహిత్య చరిత్రలో 1800–1910 కాలానికి చెందిన సంపుటం. 1991లో వెలువడిన ఆ సంపుటానికి ‘పాశ్చాత్య ప్రభావం, భారతీయ ప్రతిస్పందన’ అని అర్థమొచ్చే ఉపశీర్షిక పెట్టారు. నా దృష్టిలో అందులో బరువంతా రెండో మాటదే. బంకించంద్రుని ‘దుర్గేశనందిని’ 1865లో వస్తే, కందుకూరి వీరేశలింగం ‘రాజశేఖర చరిత్రము’ 1878లో వెలువడడం మొదలైంది. చందు మేనోన్ మలయాళ నవల ‘ఇందులేఖ’ 1889 నాటిది. చివరి రెండూ ఒకే మద్రాసు రాజధానిలో, ఒకే ప్రభుత్వం కింద పుట్టినవే అయినా, వాటి నడుమ పదేళ్లకు పైగా ఎడముంది. పాలన ఒక్కటే కారణమైతే ఈ తేడాకు సమాధానం దొరకదు. వీరేశలింగం గోల్డ్‌స్మిత్ నవల ఛాయను తీసుకుని తెలుగు కుటుంబ కథగా మలచుకున్నారు. చందు మేనోన్ డిజ్రేలీ నవలను అనువదించబోయి, అది కుదరక విడిచిపెట్టి, నాయర్ల వివాహ సంబంధాలను ప్రశ్నించే సొంత కథ రాశారు. ఇద్దరికీ ప్రేరణ ఇంగ్లీషు నవలే. ఆ వక్త అక్కడితో ఆగిపోయారు.

1911–1956 కాలపు సంపుటం 1995లో వచ్చింది. సంపుటాల పరిమాణం చూసి జంకకండి. అన్ని భాషల రచనలనూ ఏడాది వారీగా చూపే కాలక్రమ పట్టికలు వాటిలో ఉన్నాయి. మీకు తెలిసిన ఒక తెలుగు పుస్తకం వెలువడిన ఏడు తీసి, అదే ఏట మిగిలిన భాషల్లో ఏం వచ్చాయో చూస్తూ మొదలుపెట్టవచ్చు.