ఓక్ చెట్టు చుట్టూ పొడుగు మీసాల పురుగులా? స్ప్రే లోపల పెట్టేయండి

లండన్‌లో మీ పెరటి ఓక్ చెట్టు చుట్టూ మే నెలలో ఆకుపచ్చ పురుగులు గుంపుగా ఎగురుతున్నాయి, ఏంటవి, ఇక్కడే ఉంటాయా, మందు కొట్టాలా అని అడిగారు.

కొట్టకండి. కుట్టవు, కరవవు, బీరువాలో బట్టల జోలికీ రావు. మీరు చెప్పిన గుర్తులన్నీ గ్రీన్ లాంగ్‌హార్న్ అనే చిమ్మటవే. శాస్త్రీయంగా అడెలా రియోమ్యూరెల్లా, 1758లో స్వీడన్ శాస్త్రవేత్త లిన్నేయస్ పెట్టిన పేరు. చిమ్మటలంటే రాత్రి లైటు దగ్గర తిరిగేవే అనుకుంటాం గానీ ఇది పగటి ఎండ కోరుకునే జాతి.

మా అమ్మాయితో లండన్ పక్కనున్న ఎప్పింగ్ ఫారెస్ట్ అడవికి వెళ్లినప్పుడు చూశాను. ఓక్ కొమ్మ చివర లేత ఆకుల మీద ఎండ పడుతోంది. సరిగ్గా అక్కడే పదుల కొద్దీ మగ చిమ్మటలు, దారం కట్టి లాగుతున్నట్టు పైకీ కిందకీ ఆడుతున్నాయి. మబ్బు పట్టగానే అన్నీ ఆకుల మీద వాలిపోయాయి. ఎండ రాగానే మళ్లీ మొదలు. ఒకటి పాప స్వెటర్ చేతి మీద వాలింది. ఒళ్లంతా కలిపి గోరంత లేదు, మీసాలు మాత్రం రెక్కకు దాదాపు మూడింతలు, చివర్లు తెల్లగా. తల మీద నల్లటి నూగు. రెక్కలు కాస్త పక్కకు తిరిగితే ఆకుపచ్చలోంచి ఇత్తడి రంగు మెరిసింది. పాప ఊపిరి బిగబట్టి చూసింది. ఆ సందడంతా ఆడవాటి కోసమే. ఆడవాటికి మీసాలు బాగా పొట్టి.

లండన్‌లోనే కాదు, బ్రిటన్‌లో చాలాచోట్ల, యూరప్‌లో చాలా దేశాల్లో ఏప్రిల్ చివరి నుంచి జూన్ దాకా కనిపిస్తాయి. కానీ చెట్టుంటే చాలదండీ, చెట్టు కింద ఆకు కూడా ఉండాలి. దీని గొంగళిపురుగు ఆకు ముక్కలతో చిన్న గూడు కట్టుకుని, దాన్ని మోసుకుంటూ రాలిన ఆకుల్లోనే పెరుగుతుంది. మనవాళ్లు ఇల్లు కొనగానే చేసే మొదటి పని ప్లాస్టిక్ గడ్డి పరచడం. అక్టోబర్ వస్తే వీధంతా ఆకులు ఊదేసే బ్లోయర్ల మోత, ఒక్క ఆకు మిగలనివ్వరు. నన్నడిగితే స్ప్రే కంటే ఆ బ్లోయరే వీటికి పెద్ద శత్రువు. పక్కింటాయనకి చెప్పి చూశాను, నీట్‌గా ఉండాలి కదండీ అంటారు.

మీరు మాత్రం ఆ ఓక్ కింద ఆకులు ఊడ్చకండి. ఎండ బాగా ఉన్నప్పుడు ఫోన్ పట్టుకుని నిలబడండి, కొమ్మ మీద మీ నీడ పడకుండా. పొట్టి మీసాల ఆడది దొరికితే ఫోటో ఇక్కడ పెట్టండి, మా పాపకి చూపించాలి.