కామన్ మీటరు బకాయికి కార్యదర్శి బాధ్యుడా?

ప్రశ్న: మాది 20 ఫ్లాట్ల అపార్టుమెంటు. బోరు మోటారు, లిఫ్టు, మెట్ల దీపాలకు ఉన్న కామన్ మీటరు ఇప్పటికీ బిల్డరు పేరుతోనే ఉంది. నాలుగు ఫ్లాట్ల వారు 14 నెలలుగా నెలకు 1,500 రూపాయల మెయింటెనెన్స్ ఇవ్వడం లేదు. కామన్ మీటరు బకాయి 61,000 రూపాయలు దాటింది. కట్టకపోతే ఆ సర్వీసుతో పాటు నా ఇంటి సర్వీసు కూడా తీసేస్తామని లైన్‌మన్ చెప్పి వెళ్లారు. నేను విశ్రాంత ఉపాధ్యాయుడిని, సంఘానికి కార్యదర్శిని. ఈ డబ్బు నేను కట్టాలా? ఇవ్వని వారికి నీళ్లు ఆపవచ్చా? (ఒక పాఠకుడు, ఆంధ్రప్రదేశ్)

జవాబు: మాస్టారూ, ముందు మీ ఇంటి మీటరు సంగతి. సంఘం బకాయి కోసం దాన్ని తీసే హక్కు వారికి లేదు. విద్యుత్ చట్టం, 2003లోని 56వ సెక్షన్ ప్రకారం ఎవరు బకాయి పడితే వారి సరఫరానే ఆపాలి. మీ ఇంటి బిల్లు మీరు కడుతున్నారు. కామన్ సర్వీసు ఒప్పందం వేరు, అందులోని వినియోగదారు వేరు. పైగా సరఫరా ఆపే ముందు పూర్తిగా 15 రోజుల గడువుతో రాతపూర్వక నోటీసు ఇవ్వాలి. నోటి మాట చెల్లదు. అయితే నెలనెలా వచ్చే బిల్లు మీద సర్వీసు తొలగించే తేదీ ఉంటుంది, రేపు వివాదం వస్తే అదే నోటీసు అంటారు. కాబట్టి ఆ చీటీలు పారేయకండి. వాటి మీద అక్షరాలు కొన్ని నెలలకే వెలిసిపోతాయి, ఏ నెలది ఆ నెలే జిరాక్స్ తీయించండి. ఏమీ కనిపించని తెల్ల చీటీల కట్టతో నా దగ్గరికి వచ్చే కార్యదర్శులను చూస్తే నిజంగా బాధేస్తుంది.

ఇక కామన్ మీటరు. మీలో ఎవరు ఇచ్చారు, ఎవరు ఎగ్గొట్టారు అన్న లెక్కతో కరెంటు ఆఫీసుకు పని లేదు. కాగితం మీద వినియోగదారు బిల్డరే. కానీ ఎవరి ఆవరణకు సరఫరా అందుతోందో వారు కూడా చట్టం ఇచ్చిన నిర్వచనంలోకి వస్తారు. బిల్డరు పేరు అడ్డుపెట్టుకుని తప్పించుకోగలమని మీ సభ్యులెవరైనా అనుకుంటే అది పొరపాటు. మీ సొంత జేబు మాటకొస్తే, సంఘం 2001 నాటి సొసైటీల రిజిస్ట్రేషన్ చట్టం కింద నమోదై ఉంటే అప్పు సంఘానిది. కార్యదర్శిగా సంతకం పెట్టినంత మాత్రాన అది మీ అప్పు కాదు. నమోదు కాకుండా, కాగితాల మీద మీ పేరే కనిపిస్తుంటే మాత్రం మిమ్మల్ని లాగే ప్రమాదం ఉంది. ఈ వారమే చూసుకోండి.

రెండేళ్లు దాటితే బకాయి పోతుందని మీకు ఎవరైనా చెప్పవచ్చు. వరుసగా బిల్లుల్లో చూపుతూ వస్తే పోదు. చూపకపోయినా సరఫరా ఆపే అధికారమే పోతుంది, సివిల్ దావాకు అది అడ్డు కాదని సుప్రీంకోర్టు 2023 మే నెలలో కె.సి. నైనన్ కేసులో చెప్పింది. మీది 14 నెలలదే, ఆ వాదన జోలికి వెళ్లకండి.

నీళ్లు మాత్రం ఆపవద్దు. ఆ నలుగురు మర్నాడే కోర్టుకెళ్లి నిషేధ ఉత్తర్వు తెచ్చుకుంటే, న్యాయం మీ వైపున్నా దోషిగా నిలబడేది మీరే. ఆ ఇళ్లలో పసిపిల్లలు, ముసలివారు ఉంటారు, డబ్బు ఎగ్గొట్టింది వారు కాదు.

సర్వసభ్య సమావేశం పెట్టి, మిగిలిన 16 మంది తలా కొంత అడ్వాన్సుగా ఇచ్చి బకాయి తీర్చేలా తీర్మానం రాయించండి. ఎవరు ఎంత ఇచ్చారో అందులో ఉండాలి, డబ్బు బ్యాంకు ద్వారానే నడవాలి. ఇతరులు కట్టవలసిన సొమ్మును తన అవసరం కొద్దీ కట్టినవారు తిరిగి రాబట్టుకోవచ్చని కాంట్రాక్టు చట్టం 69వ సెక్షన్ చెబుతోంది. ఆ నలుగురికి రిజిస్టర్డ్ నోటీసు ఇచ్చి, జిల్లా న్యాయ సేవాధికార సంస్థలో అర్జీ పెట్టండి. దావా వేయక ముందే లోక్ అదాలత్‌కు పిలుస్తారు, ఖర్చు ఉండదు, అక్కడ కుదిరిన రాజీ సివిల్ కోర్టు డిక్రీతో సమానం. వారు రాకపోతే దావా వేయాల్సిందే. ఏ నెల బాకీకి ఆ నెల నుంచి మూడేళ్లే గడువు.

ఈలోగా కామన్ సర్వీసు తీసేస్తే, ఎవరో ఒకరి ఫ్లాటు మీటరు నుంచి మోటారుకు వైరు లాగుదామని తప్పక అంటారు. ఒప్పుకోవద్దు. ఒక చోటికి ఇచ్చిన కరెంటును మరో చోట వాడితే విద్యుత్ చట్టం 126వ సెక్షన్ కింద రెట్టింపు ధర లెక్కగడతారు. తీసేసిన సర్వీసును సొంతంగా కలుపుకుంటే అదే చట్టం 138వ సెక్షన్ కింద మూడేళ్ల దాకా జైలు శిక్ష పడవచ్చు.

బకాయి తీరగానే మీటరును సంఘం పేరుకు మార్చమని దరఖాస్తు చేయండి. రిజిస్ట్రేషన్ సర్టిఫికెట్ నకలు, తీర్మానం, బిల్డరు సమ్మతి పత్రం జతచేయండి. బిల్డరు ఫోను ఎత్తకపోతే ఆయనకు రాసిన ఉత్తరం, దాని పోస్టు రసీదు కూడా పెట్టండి. మీ నకలు మీద తేదీతో సంతకం తీసుకోకుండా మాత్రం ఆఫీసు నుంచి బయటికి రావద్దు.