మీరడిగారు, మేం చెబుతున్నాం: యుద్ధం అయ్యాక బిల్లు ఎవరు కట్టారు?

ప్రశ్న: మొదటి ప్రపంచ యుద్ధంలో ఓడిన జర్మనీ మీద పెట్టిన వెర్సాయ్ సంధి అంత కఠినంగా లేకపోతే హిట్లర్ వచ్చేవాడే కాదని స్కూల్లో చదువుకున్నాం, పరీక్షలో అదే రాసి మార్కులు కూడా తెచ్చుకున్నాం. నిజమేనా?

జవాబు: మార్కులు వెనక్కి ఇవ్వక్కర్లేదు గానీ అది సగం నిజమే. తేదీలు చూడండి. సంధి మీద సంతకాలు 1919 జూన్ 28న, హిట్లర్ ఛాన్సలర్ (మన ప్రధానమంత్రి లాంటి పదవి) అయింది 1933 జనవరి 30న. మధ్యలో, 1928 ఎన్నికల్లో నాజీ పార్టీకి వచ్చిన ఓట్లు 2.6 శాతం. సంధి మీద కోపం ఒక్కటే సరిపోయేదైతే అప్పటికే దున్నేయాలి కదా! ఆ మరుసటి ఏడు అమెరికా స్టాక్ మార్కెట్ కుప్పకూలింది, అక్కడి బ్యాంకులు జర్మనీకి ఇచ్చిన అప్పులు వెనక్కి లాక్కున్నాయి, ఫ్యాక్టరీలు మూతపడ్డాయి, 1932 కల్లా పని లేనివాళ్లు 60 లక్షలు దాటారు, ఆ జులైలో అదే పార్టీకి 37.3 శాతం ఓట్లు పడ్డాయి. ఇంకో చిత్రం ఏంటంటే, జర్మనీ పడమటి అంచున రైన్‌లాండ్‌లో ఉన్న మిత్రరాజ్యాల సైన్యం 1930లోనే వెళ్లిపోయింది, 1932లో స్విట్జర్లాండ్‌లోని లొజాన్‌లో కూర్చుని జర్మనీ కట్టాల్సిన యుద్ధ నష్టపరిహారాన్ని కూడా దాదాపు ఎత్తేశారు. అంటే హిట్లర్ గొంతు చించుకుని తిట్టిన షరతుల్లో పెద్దవి రెండూ అతను గద్దెనెక్కేసరికే లేవు.

అలాగని 1919 వాళ్లు బాగా చేశారని కాదు. నన్నడిగితే డబ్బు కన్నా పెద్ద చిక్కు యుద్ధం ఆగిన తీరులోనే ఉంది. 1918 సెప్టెంబర్ చివర్లో, ఇక మావల్ల కాదు, వెంటనే యుద్ధ విరమణ అడగండని ప్రభుత్వాన్ని తొందరపెట్టింది సైన్యాధిపతులు హిండెన్‌బర్గ్, లూడెన్‌డార్ఫ్. తీరా నవంబర్ 11న ఫ్రాన్స్‌లోని కంపియేన్ అడవిలో, రైలు పెట్టెలో సంతకం పెట్టడానికి వెళ్లిన బృందానికి పెద్ద మాత్రం మథియాస్ ఎర్జ్‌బెర్గర్ అనే పార్లమెంటు సభ్యుడు. ఆ రోజుకి జర్మన్ సేనలు ఇంకా ఫ్రాన్స్, బెల్జియం నేల మీదే ఉన్నాయి, బెర్లిన్‌లో మామూలు మనిషి శత్రు సైనికుణ్ని కళ్లతో చూడలేదు. అలాంటివాడికి మనం ఓడిపోయాం అంటే ఎలా నమ్మబుద్ధవుతుంది? అక్కడ పుట్టింది వెన్నుపోటు కథ. మన సైన్యం ఓడలేదు, ఇంట్లో ఉన్న సోషలిస్టులూ యూదులూ పొడిచారు అని. హిండెన్‌బర్గ్ అయితే 1919లో పార్లమెంటు విచారణ కమిటీ ముందు కూర్చుని సైన్యాన్ని వెనక నుంచి పొడిచారని చెప్పేశాడు, ఏ మాత్రం మొహమాటం లేకుండా. ఎర్జ్‌బెర్గర్‌ని 1921 ఆగస్టులో కాల్చి చంపారు. హిండెన్‌బర్గ్ దేశాధ్యక్షుడయ్యాడు, హిట్లర్‌ని ఛాన్సలర్‌గా నియమించింది ఆయనే.

ప్రశ్న: జర్మనీలో నోట్లు చిత్తుకాగితాలైంది ఆ పరిహారం వల్లే కదా?

జవాబు: పరిహారం ఒక కారణం, అచ్చేసిన చెయ్యి మాత్రం బెర్లిన్‌దే. యుద్ధం మొదలైన రోజుల్లోనే జర్మనీ పన్నులు పెంచడం మానేసి జనం దగ్గర బాండ్ల మీద అప్పు తెచ్చి నడిపించింది, గెలిచాక ఓడినవాళ్ల దగ్గర వసూలు చేసుకుందామన్న ధీమాతో. ఆ ధీమా ఊరికే రాలేదు లెండి, 1871లో ఫ్రాన్స్‌ని ఓడించి 500 కోట్ల ఫ్రాంకులు అడిగారు, సొమ్ము ముట్టేదాకా సైన్యాన్ని అక్కడే కూర్చోబెట్టారు, ఫ్రాన్స్ గడువు కన్నా ముందే 1873లో కట్టేసి వదిలించుకుంది. ఈసారి తిరగబడింది. 1921లో జర్మనీ చేతికే బిల్లు వచ్చింది, 13,200 కోట్ల బంగారు మార్కులు. అందులో గట్టిగా వసూలు చేద్దామనుకున్నది 5,000 కోట్లే, మిగతాది గెలిచిన దేశాల్లో ఓటర్లను చల్లార్చడానికి కాగితం మీద వేసిన అంకె.

1922లో ఇవ్వాల్సిన టెలిగ్రాఫ్ స్తంభాలూ బొగ్గూ సరిగా రాలేదని 1923 జనవరిలో ఫ్రాన్స్, బెల్జియం సైన్యాలు జర్మనీ బొగ్గు గనులుండే రూర్ లోయలో దిగాయి. అక్కడి కార్మికులు పని మానేశారు, మీ జీతాలు మేమిస్తాం అంది ప్రభుత్వం, ఆ జీతాలకి ప్రెస్సుల్లో నోట్లు కొట్టింది. తీరిక లేక ఒకవైపే అచ్చేసి వెనక వైపు ఖాళీగా వదిలేసిన నోట్లు కూడా చలామణిలోకి వచ్చాయి, జీతం చేతిలో పడగానే సాయంత్రానికి ధర మారిపోతుందని జనం కొట్లకి పరిగెత్తేవాళ్లు. యుద్ధానికి ముందు డాలర్‌కి 4.2 మార్కులు, 1923 నవంబర్‌లో 4.2 లక్షల కోట్ల మార్కులు!

మునిగింది ఎవరంటే పెన్షన్ మీదా, పొదుపు మీదా, దేశభక్తితో కొన్న యుద్ధ బాండ్ల మీదా బతుకుతున్న మధ్యతరగతి. లాభపడింది అప్పున్నవాళ్లు, వాళ్లలో అందరికన్నా పెద్ద అప్పుదారు ప్రభుత్వమే. యుద్ధం కోసం సొంత జనం దగ్గర చేసిన 15,400 కోట్ల మార్కుల బాకీ, 1914 నాటి డబ్బుల్లో చూస్తే 1923 నవంబర్ 15కల్లా 15.4 ఫెన్నిగ్‌లకు (మార్కుకి వంద ఫెన్నిగ్‌లు) దిగింది. పావు మార్కు కూడా కాదు. శత్రువుకి కట్టాల్సింది బంగారు మార్కుల్లో కాబట్టి అది చెక్కు చెదరలేదు, ఇంట్లోవాళ్ల సొమ్మే గంగపాలైంది. 

ప్రశ్న: మొదటి ప్రపంచ యుద్ధం బాకీ 2010 దాకా కట్టారని ఎక్కడో చదివాను. పుకారేనా?

జవాబు: పుకారు కాదు. పరిహారం కట్టడానికని 1924లో, 1930లో జర్మనీ విదేశాల్లో బాండ్లు అమ్మి అప్పు తెచ్చింది, హిట్లర్ వచ్చాక వాటిని ఎగ్గొట్టాడు. 1953లో లండన్‌లో జరిగిన ఒప్పందంలో పశ్చిమ జర్మనీ పాత బాకీల్లో దాదాపు సగం మాఫీ చేసి, కొంత వడ్డీని మాత్రం రెండు జర్మనీలూ కలిసినప్పుడు చూద్దాంలే అని పక్కన పెట్టారు. కలుస్తాయని అప్పట్లో ఎవరూ పెద్దగా అనుకోలేదు. 1990 అక్టోబర్ 3న కలిసేశాయి! ఆ వడ్డీ లేచి కూర్చుంది, సరిగ్గా ఇరవై ఏళ్లకి, 2010 అక్టోబర్ 3న చివరి వాయిదా కట్టారు, సుమారు 7 కోట్ల యూరోలు. వెళ్లింది బాండ్లు ఉన్నవాళ్లకి, ఫ్రాన్స్ ఖజానాకి కాదు.

ప్రశ్న: రెండో ప్రపంచ యుద్ధం గెలిచిన బ్రిటన్‌లో యుద్ధం అయ్యాక కూడా రేషన్ ఎందుకు?

జవాబు: గెలిచింది గానీ చేతిలో డాలర్లు లేవు. యుద్ధం నడిచినన్నాళ్లూ రేషన్‌లో లేని రొట్టెని 1946 జులైలో రేషన్‌లో పెట్టారు, 1948 దాకా ఉంది. మాంసం మీద రేషన్ 1954 జులైలో పోయింది. అమెరికా దగ్గర తెచ్చిన 1946 నాటి అప్పు చివరి వాయిదా 2006 డిసెంబర్‌లో కట్టారు.

ప్రశ్న: మా అబ్బాయి జర్మనీలో చదువుకుంటున్నాడు. పాత బాంబు దొరికింది, పొద్దున్నే ఇల్లు ఖాళీ చేయాలని నోటీసు వచ్చిందట. 80 ఏళ్ల నాటి బాంబు ఇంకా పేలుతుందా? ఇంట్లో అందరికీ టెన్షన్‌గా ఉంది.

జవాబు: పేలుతుంది, కొన్ని రకాలైతే పాతబడేకొద్దీ ఇంకా ప్రమాదం. కొన్ని బాంబుల్లో పడిన చాలా గంటలకి పేలేలా రసాయన ఫ్యూజ్ (బాంబుని పేల్చే భాగం) పెట్టేవాళ్లు. లోపల గాజు గొట్టంలో అసిటోన్, దాని పక్కన పేల్చే సూదిని పట్టి ఉంచే, ప్లాస్టిక్ లాంటి సెల్యులాయిడ్ బిళ్ల. బాంబు కిందికి పడుతుండగా గాజు పగిలి, అసిటోన్ మెల్లగా బిళ్లని కరిగించాలి. కానీ మెత్తటి నేలలోకి దూసుకెళ్లి మొన పైకి తిరిగి ఆగితే అసిటోన్ బిళ్లకి అందకుండా అవతలికి కారిపోతుంది, బాంబు అలాగే ఉండిపోతుంది. ఇన్నేళ్లకి ఆ బిళ్ల తనంతట తానే పెళుసెక్కి విరగొచ్చు. 2010లో గోటింగెన్‌లో బాంబు నిర్వీర్యం చేసే పనికి వెళ్లిన ముగ్గురు నిపుణులు పేలుడులో చనిపోయారు.

ఖాళీ చేయించడం అక్కడ మామూలే. 2011 డిసెంబర్‌లో రైన్ నదిలో నీళ్లు బాగా తగ్గితే కోబ్లెంజ్ దగ్గర 1.8 టన్నుల బ్రిటిష్ బాంబు బయటపడింది, 45,000 మందిని పంపించేశారు, అందులో ఆస్పత్రులూ జైలూ కూడా ఉన్నాయి. చుట్టూ ఇసుక సంచులు పేర్చి, నీళ్లు తోడి, అప్పుడు ఫ్యూజులు తీశారు. ఖాళీ చేయమన్న హద్దు లోపల ఒక్క మనిషి మిగిలినా పని మొదలుపెట్టరు. కాబట్టి మీ అబ్బాయిని పాస్‌పోర్టు, మందులు, ఛార్జర్ పట్టుకుని చెప్పిన టైముకే బయటికి వెళ్లమనండి. ఒకరిద్దరు నిద్రపోతూ ఉండిపోతే మిగతా వేలమందీ రాత్రి దాకా ఏదో హాల్లో కూర్చోవాల్సి వస్తుంది.