తీర్పు మాకు అనుకూలం, ఆర్డినెన్స్ మాకు వ్యతిరేకం: ఏది నిలుస్తుంది?

ప్రశ్న: నేను ఒక ప్రభుత్వ శాఖలో పనిచేసి రిటైరయ్యాను. రెగ్యులర్ కాకముందు చాలా ఏళ్లు వర్క్‌చార్జ్‌డ్ ఉద్యోగిని (అంటే ఒక పనికి కేటాయించిన నిధుల నుంచి జీతం తీసుకునే ఉద్యోగిని). ఆ సర్వీసును పెన్షన్‌కు లెక్కించడం లేదని కొందరం కలిసి హైకోర్టుకు వెళ్లి గెలిచాం. ప్రభుత్వం సుప్రీంకోర్టుకు వెళ్తే అక్కడ కూడా కొట్టేశారు. పెన్షన్ సవరించి ఎరియర్స్ ఇచ్చారు. ఇప్పుడేమో ఆర్డినెన్స్ తెచ్చారు. ‘ఏ కోర్టు తీర్పులో ఏమున్నప్పటికీ’ వర్క్‌చార్జ్‌డ్ సర్వీసు పెన్షన్‌కు పనికిరాదని, మొదటి నుంచీ ఈ నిబంధనే ఉన్నట్టు భావించాలని అందులో ఉంది. తీసుకున్న సొమ్ము తిరిగి కట్టమని నోటీసు వచ్చింది. సుప్రీంకోర్టు చెప్పాక కూడా ఇలా చేయవచ్చా? కోర్టు ధిక్కరణ కేసు వేద్దామని తోటి పెన్షనర్లు అంటున్నారు. టెన్షన్‌తో నిద్ర పట్టడం లేదు. ఏం చేయమంటారు?
– ఒక పెన్షనర్

జవాబు: ముందు ఆ నోటీసు సంగతి చూద్దాం. డబ్బు కట్టేయకండి. వాయిదాల్లో కడతానని రాసివ్వమంటే సంతకం పెట్టకండి. గడువులోపల అభ్యంతరం రాసిచ్చి, అందినట్టు స్టాంపు వేయించుకోండి. రిటైరైన వారి నుంచి, కింది స్థాయి గ్రూప్ సి, గ్రూప్ డి ఉద్యోగుల నుంచి ఎక్కువగా చెల్లించిన సొమ్మును రాబట్టడం కుదరదని 2014లో రఫీక్ మసీ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అది అధికారుల పొరపాటు వల్ల ఎక్కువ చెల్లించిన కేసు. మీకు పొరపాటున ఇవ్వలేదు, కోర్టు ఇమ్మంటే ఇచ్చారు. ఆ మేరకు మీ వాదనకు బలం ఎక్కువ. ఒక మెలిక మాత్రం ఉంది. ఎరియర్స్ తీసుకునేటప్పుడు ‘ఎక్కువ వచ్చినట్టు తేలితే తిరిగి ఇస్తాను’ అని అండర్‌టేకింగ్ ఇచ్చారా? అలా రాసిచ్చిన ఒక న్యాయాధికారి ఆ మాటకు కట్టుబడాల్సిందేనని 2016లో జగదేవ్ సింగ్ కేసులో అదే కోర్టు తీర్పు ఇచ్చింది. బిల్లుతో పాటు ఏ కాగితాల మీద సంతకాలు పెట్టామో చాలామందికి గుర్తుండదు. ట్రెజరీలో కాపీలు అడిగి చూడండి.

ఇక అసలు సందేహం. ‘సుప్రీంకోర్టు చెప్పింది’ అని రాశారు. అది ఏం చెప్పిందో ఆ ఉత్తర్వు తీసి చూడండి. ‘స్పెషల్ లీవ్ పిటిషన్ కొట్టివేయడమైనది’ అని ఒకే ఒక్క వాక్యం ఉంటే, రాజ్యాంగం 141వ అధికరణ ప్రకారం దేశంలోని కోర్టులన్నీ పాటించాల్సిన న్యాయసూత్రాన్ని సుప్రీంకోర్టు ప్రకటించినట్టు కాదు. అప్పీలు వినడానికి అనుమతి ఇవ్వలేదని మాత్రమే దాని అర్థం. 2000లో కున్హాయమ్మద్ కేసులో ఈ విషయాన్ని విడమరచి చెప్పారు. అప్పుడు మీ చేతిలో ఉన్నది హైకోర్టు తీర్పే. దానివల్ల మీకు ఇప్పటికిప్పుడు నష్టమేమీ లేదు. మీకూ ప్రభుత్వానికీ మధ్య ఆ తీర్పే అంతిమం. కాకపోతే ఆ తీర్పును మళ్లీ పరిశీలించమని అదే హైకోర్టులో రివ్యూ పిటిషన్ వేసే దారి ప్రభుత్వానికి ఇంకా మిగిలి ఉంటుంది. వాళ్లు రివ్యూకు వెళ్లకుండా ఆర్డినెన్స్ దారి పట్టారు.

తీర్పు వచ్చాక శాసనసభ చేతులు కట్టేసినట్టేనని మనలో చాలామంది అనుకుంటారు. అలా ఏమీ లేదు. చట్టం చేయడం చట్టసభ పని, ఉన్న చట్టం ప్రకారం వివాదం తేల్చడం కోర్టు పని. కోర్టు తేల్చిన వివాదాన్ని మళ్లీ తెరిచి ‘ఆ తీర్పు చెల్లదు’ అని ప్రకటించే అధికారం చట్టసభకు లేదు. కానీ ఏ చట్టాన్ని చూసి కోర్టు ఆ తీర్పు ఇచ్చిందో ఆ చట్టాన్నే వెనకటి తేదీ నుంచి మార్చే అధికారం ఉంది. ఈ రెండింటికీ తేడా ఎక్కడుందో 1969లో పృథ్వీ కాటన్ మిల్స్ కేసులో చెప్పారు. గుజరాత్‌లోని బ్రోచ్ మున్సిపాలిటీ పన్ను గొడవ అది. ఆస్తి మూలధన విలువ మీద పన్ను వేయడానికి మున్సిపల్ చట్టంలో వాడిన మాట సరిపోదని కోర్టు అంతకుముందు వేరే కేసులో చెబితే, శాసనసభ ఆ మాటకు కొత్త నిర్వచనమిచ్చి పాత పన్నుల్ని క్రమబద్ధం చేసింది. సుప్రీంకోర్టు సరేనంది. ఇప్పుడు మారిన చట్టం ఆనాడే ఉండి ఉంటే కోర్టు ఆ తీర్పు ఇచ్చి ఉండేదా? ఇచ్చి ఉండేది కాదు అంటే కొత్త చట్టం నిలుస్తుంది. అప్పుడు కూడా అదే తీర్పు వచ్చేదే అంటే కొత్త చట్టం పడిపోతుంది. ఇది మొదటి పరీక్ష, నేటికీ వాడుకలో ఉంది.

పడిపోయిన ఉదాహరణ కావాలంటే కావేరి వివాదం చూడండి. 1991లో ట్రిబ్యునల్ నీళ్లు వదలమని మధ్యంతర ఉత్తర్వు ఇస్తే కర్ణాటక ఆర్డినెన్స్ తెచ్చింది. ఒక ఉత్తర్వును పనికిరాకుండా చేయడానికే తెచ్చిన ఆ శాసనం చెల్లదని రాష్ట్రపతి అడిగిన సలహాకు జవాబుగా సుప్రీంకోర్టు ఆ ఏడాదే చెప్పింది. నిలిచిన ఉదాహరణలూ తక్కువేం కాదు. 2012 జనవరిలో వొడాఫోన్ పన్ను కేసులో ప్రభుత్వం ఓడిపోతే, ఆదాయపు పన్ను చట్టాన్నే వెనకటి తేదీతో మార్చేశారు. ఆ మార్పు ప్రభావాన్ని చివరికి 2021లో పార్లమెంటే ఉపసంహరించుకుంది, కోర్టు కొట్టివేసి కాదు.

కాబట్టి మీ హైకోర్టు తీర్పు సర్టిఫైడ్ కాపీ దగ్గర పెట్టుకుని ఒక్క విషయం వెతకండి. అది దేని ఆధారంగా వచ్చింది? ‘పెన్షన్ నిబంధనలో అర్హ సర్వీసు అన్న మాటకు వర్క్‌చార్జ్‌డ్ కాలం కూడా వస్తుంది’ అని నిబంధనకు అర్థం చెప్పి ఇచ్చారా? అయితే ఆ నిబంధనను మార్చి ఆర్డినెన్స్ తేవడం మొదటి పరీక్షలో నెగ్గవచ్చు. అలాకాకుండా, ‘ఒకే పని చేసిన ఇద్దరిలో ఒకరి సర్వీసును లెక్కించి మరొకరిది వదిలేయడం సమానత్వ హక్కు ఇచ్చే 14వ అధికరణకు విరుద్ధం’ అని ఇచ్చి ఉంటే కథ వేరు. రాజ్యాంగానికి విరుద్ధమని కోర్టు చెప్పిన వివక్షనే ఆర్డినెన్స్‌లో తిరగరాస్తే అది మళ్లీ విరుద్ధమే అవుతుంది. ప్రాథమిక హక్కుకు భంగం కలిగించే చట్టం చెల్లదని 13వ అధికరణ చెబుతోంది.

హక్కు ఆధారంగా వచ్చిన తీర్పును దాటాలంటే రాజ్యాంగాన్నే సవరించాలి. 1951లో జరిగింది అదే. మద్రాసు రాష్ట్రంలో కాలేజీ సీట్లను కులాలవారీగా పంచే జీవోను చంపకం దొరైరాజన్ కేసులో సుప్రీంకోర్టు కొట్టేసింది. అప్పటికి మన ఆంధ్ర జిల్లాలు కూడా ఆ రాష్ట్రంలోవే. తీర్పు వచ్చిన కొన్ని వారాలకే మొదటి సవరణ ద్వారా 15(4) చేర్చారు, వెనుకబడిన తరగతులకు ప్రత్యేక ఏర్పాట్లకు దారి ఏర్పడింది. సవరణకూ హద్దుందా అన్న ప్రశ్న మీద 1967లో గోలక్‌నాథ్ కేసులో, మన రాజమండ్రికి చెందిన కోకా సుబ్బారావు గారు ప్రధాన న్యాయమూర్తిగా ఉన్న ధర్మాసనం, ప్రాథమిక హక్కుల్ని పార్లమెంటు తగ్గించలేదని 6–5 మెజారిటీతో చెప్పింది. 1973లో కేశవానంద భారతి కేసులో 13 మంది న్యాయమూర్తులు కూర్చుని ఆ తీర్పును పక్కన పెట్టారు. అదే తీర్పులో 7–6 మెజారిటీతో, సవరించవచ్చు గానీ రాజ్యాంగ మౌలిక స్వరూపాన్ని చెరపకూడదు అన్నారు. ఒక్క న్యాయమూర్తి అటు వెళ్లి ఉంటే మన రాజ్యాంగ చరిత్ర మరోలా ఉండేది.

ఆ హద్దు మీలాంటి ఉద్యోగుల కేసులో ఎలా పనిచేసిందో చెప్పాలి, ఎందుకంటే అది మన గడ్డ మీద పుట్టిన కేసు. తెలంగాణ, ఆంధ్ర ఉద్యమాల తరువాత కుదిరిన ఆరు సూత్రాల పథకం ప్రకారం 1973లో 32వ సవరణతో రాజ్యాంగంలో 371-డి అధికరణ చేరింది. సర్వీసు వివాదాలకు ఆంధ్రప్రదేశ్‌లో అడ్మినిస్ట్రేటివ్ ట్రిబ్యునల్ ఏర్పాటుకు అదే ఆధారం. అందులో 5వ క్లాజు ఏమంటుందంటే, ట్రిబ్యునల్ ఇచ్చిన ఉత్తర్వును రాష్ట్ర ప్రభుత్వం కారణాలు రాసి మార్చవచ్చు, ఏకంగా రద్దు కూడా చేయవచ్చు! కేసులో ప్రతివాది ఎవరు? ప్రభుత్వమే. ఓడిపోయిన పార్టీ చేతికే తీర్పును చింపేసే అధికారం ఇచ్చినట్టయింది. అదీ మామూలు చట్టంలో కాదు, రాజ్యాంగంలోనే. 1986 డిసెంబరులో పి. సాంబమూర్తి కేసులో ఐదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం ఆ క్లాజును కొట్టేసింది. చట్టబద్ధ పాలనకు అది విరుద్ధమనీ, మౌలిక స్వరూపాన్ని దెబ్బతీస్తోందనీ చెప్పింది. ఈ కేసుకు రావాల్సినంత పేరు రాలేదని నాకెప్పుడూ అనిపిస్తుంది. మీ విషయంలో ఆర్డినెన్స్ కాకుండా ఒక మెమోనో జీవోనో ఇచ్చి తీర్పును పక్కన పెట్టి ఉంటే, నేను మీకు ఇంత పెద్ద జవాబు రాసేవాణ్ణి కాదు. ఆ పని పాలక యంత్రాంగానికి ఏ దారిలోనూ చెల్లదు.

ఇప్పుడు మీ ఆర్డినెన్స్‌నే తీసుకుందాం. ‘ఏ కోర్టు తీర్పులో ఏమున్నప్పటికీ’ అన్న మాటలు చూసి భయపడాల్సిందేమీ లేదు. ఆ మాటలకు సొంత బలం లేదు. కింద నిబంధనను నిజంగా మార్చారా లేదా అన్నదే లెక్క. మీరు రాసినదాన్ని బట్టి మార్చారు, అదీ మొదటి తేదీ నుంచి మార్చారు. కాబట్టి తీర్పు నిబంధనకు అర్థం చెప్పి ఇచ్చినదైతే మొదటి పరీక్ష మీద మాత్రమే ఆధారపడకండి.

మీకు గట్టి ఆధారం రెండో పరీక్షలో ఉంది. వెనకటి తేదీతో చట్టం చేసినా, ఈ రోజుకు మనిషికి దక్కిన హక్కుల్ని లెక్కలోకి తీసుకుని ఆ చట్టం రాజ్యాంగానికి లోబడి ఉందో లేదో చూడాలి. గుజరాత్ పంచాయతీ ఉద్యోగులు హైకోర్టులో గెలిచాక వారిని ప్రభుత్వోద్యోగులు కారన్నట్టు తెచ్చిన సవరణ చట్టాన్ని 1983లో రామన్‌లాల్ కేశవ్‌లాల్ సోనీ కేసులో రాజ్యాంగ ధర్మాసనం ఈ కారణంతోనే కొట్టేసింది. రైల్వే రన్నింగ్ స్టాఫ్‌ది, అంటే డ్రైవర్లు, గార్డుల్లాంటి రైలు నడిపే సిబ్బందిది, ఇంకా దగ్గరి కేసు. పెన్షన్ లెక్కలో రన్నింగ్ అలవెన్సు వాటాను తగ్గిస్తూ 1988లో నోటిఫికేషన్లు ఇచ్చి, 1973, 1979 నుంచి వర్తిస్తాయన్నారు. మధ్యలో రిటైరైన వారికి అప్పటి నిబంధన ప్రకారం దక్కిన పెన్షన్‌ను ఇలా వెనక్కి వెళ్లి కోసేయడం చెల్లదని 1997లో రంగధామయ్య కేసులో ఐదుగురు న్యాయమూర్తులు తేల్చారు. మీరు ఇప్పటికే రిటైరయ్యారు, తీర్పు వచ్చింది, పెన్షన్ సవరణ అయింది. మీ కేసుకు ఇంతకన్నా దగ్గరి ఆధారం కనిపించదు. ఇంకా సర్వీసులో ఉన్న మీ జూనియర్లకు ఇదే ధైర్యం చెప్పలేను. రేపటి నుంచి నిబంధన మార్చడాన్ని కోర్టులు అంత తేలిగ్గా తప్పుపట్టవు.

ధిక్కరణ కేసు వద్దని నా సలహా. చట్టసభ చేసిన చట్టాన్ని కోర్టు ధిక్కరణ అనలేమని ఛత్తీస్‌గఢ్ ప్రత్యేక పోలీసు అధికారుల విషయంలో సుప్రీంకోర్టు 2025లో స్పష్టంగా చెప్పింది. అలాంటి చట్టం నచ్చకపోతే దాని చెల్లుబాటును సవాలు చేయాలి. ఆర్డినెన్స్ రాకముందే అధికారులు తీర్పును అమలు చేయకుండా ఎగ్గొట్టిన సహోద్యోగులు ఎవరైనా ఉంటే వాళ్ల సంగతి వేరు. వాళ్లకు ధిక్కరణ కేసు వేయడానికి ఏడాది గడువు ఉంటుంది, అది దాటకుండా చూసుకోవాలి.

మీరు వేయాల్సింది 226వ అధికరణ కింద హైకోర్టులో రిట్ పిటిషన్. నేరుగా సుప్రీంకోర్టుకు 32వ అధికరణ కింద వెళ్తే, ముందు హైకోర్టుకు వెళ్లండని పంపేసే అవకాశమే ఎక్కువ. అందులో ఆర్డినెన్స్‌నూ, రికవరీ నోటీసునూ రెండింటినీ సవాలు చేయండి. చట్టం మొత్తం మీద స్టే అడిగితే కోర్టు వెనకాడుతుంది, చట్టం చెల్లుతుందనే భావనతోనే మొదలుపెడుతుంది కనుక. రికవరీ ఆపడానికీ, పెన్షన్ తగ్గించకుండా ఉండడానికీ మాత్రమే మధ్యంతర ఉత్తర్వు అడిగితే రావడానికి అవకాశం బాగా ఉంటుంది.

అఫిడవిట్‌లో ప్రభుత్వం కక్షతో చేసిందని పేజీలు నింపకండి. 1983లో ఎన్టీ రామారావు ప్రభుత్వం ఉద్యోగుల రిటైర్మెంట్ వయసును 58 నుంచి 55కు తగ్గించినప్పుడు ఉద్యోగులు అలాంటి వాదనే చేశారు. ఆర్డినెన్స్ తేవడం శాసనాధికారమేననీ, దానికి దురుద్దేశం అంటగట్టడం కుదరదనీ 1985లో కె. నాగరాజ్ కేసులో సుప్రీంకోర్టు కొట్టేసింది. ఈలోగా ప్రభుత్వమే వయసును తిరిగి 58 చేసింది. అప్పుడు మధ్యలో ఇంటికి పంపినవారిని వదిలేయడం చెల్లదని అదే ఏడాది బి. ప్రభాకరరావు కేసులో ఉద్యోగులు గెలిచారు. ఉద్దేశం మీద వాదించి ఓడారు, వివక్ష మీద వాదించి గెలిచారు.

ఇంకొకటి గమనించండి. 213వ అధికరణ ప్రకారం శాసనసభ మళ్లీ సమావేశమయ్యాక ఆరు వారాలకు ఆర్డినెన్స్ కాలం తీరుతుంది. ఆలోగా దాని స్థానంలో చట్టం వస్తే, పిటిషన్‌లో ఆ చట్టాన్ని కూడా సవాలు చేస్తున్నట్టు సవరణ అప్లికేషన్ వేయాలి. లేకపోతే విచారణ రోజున ‘సవాలు చేసిన ఆర్డినెన్సే ఇప్పుడు లేదు’ అని ప్రభుత్వ న్యాయవాది లేచి నిలబడతారు. చట్టం రాకుండానే కాలం తీరితే, అది అమల్లో ఉండగా చేసినవన్నీ వాటంతట అవే మిగిలిపోవని ఏడుగురు న్యాయమూర్తుల ధర్మాసనం 2017లో కృష్ణకుమార్ సింగ్ కేసులో చెప్పింది.

న్యాయవాది దగ్గరకు వెళ్లేటప్పుడు హైకోర్టు తీర్పు, సుప్రీంకోర్టు ఉత్తర్వు సర్టిఫైడ్ కాపీలు, సవరించిన పెన్షన్ పేమెంట్ ఆర్డర్, ఆర్డినెన్స్ గెజెట్ ప్రతి, రికవరీ నోటీసు, మీరు ఇచ్చిన అభ్యంతరం తీసుకెళ్లండి. ముందు కేసులో మీతో ఉన్నవాళ్లంతా కలిసి వేస్తే ఖర్చు తగ్గుతుంది. ఎవరైనా అండర్‌టేకింగ్ రాసిచ్చి ఉంటే మాత్రం వాళ్లది వేరే పిటిషన్‌గా వేయించండి. ఆ ఒక్క కాగితం చూపి ప్రభుత్వం మీ అందరి కేసునూ అదే గాటన కట్టకుండా ఉంటుంది.