సర్పంచి కుర్చీ నుంచి అసెంబ్లీకి దారి ఎటు?

ప్రశ్న: నాకు 29 ఏళ్లు. మా ఊరు మహిళలకు రిజర్వు కావడంతో సర్పంచిగా నిలబడి గెలిచాను. ఎప్పటికైనా ఎమ్మెల్యే కావాలని కోరిక. ముందు జడ్పీటీసీ (జిల్లా పరిషత్తులో మండలం తరఫు సభ్యురాలు) కావాలని కొందరు, ఎమ్మెల్సీ (శాసన మండలి సభ్యురాలు) అయితే సులువని కొందరు అంటున్నారు. మా ఆయనేమో "బయటి పనులు నేను చూసుకుంటాలే" అంటారు. పంచాయతీ డిజిటల్ కీ (చెల్లింపులకు నా ఆన్‌లైన్ సంతకం) కూడా ఆయన దగ్గరే ఉంటుంది. నేనేం చేయాలి?
– ఒక సర్పంచి, నల్గొండ జిల్లా

జవాబు: అమ్మా, ముందు ఆ కీ సంగతి. ఈరోజే తీసుకుని మీ దగ్గర పెట్టుకోండి. ఆర్థిక సంఘం నిధులు ఖర్చయ్యేది ఆ కీతోనే. రేపు ఆడిట్‌లో అభ్యంతరం వస్తే రికవరీ నోటీసు మీ పేరు మీద వస్తుంది, మీ ఆయన పేరు మీద కాదు. మండల పరిషత్తు ఆఫీసులో పనిచేసిన రోజుల్లో అలాంటి నోటీసులు నా చేతుల మీదుగానే వెళ్లేవి. అవి అందుకున్న ఆడవాళ్లలో చాలామందికి ఏ బిల్లుకు సంతకం పెట్టారో కూడా తెలియదు. ఆ బాధ మీకు వద్దు.

ఇక దారి విషయం. ఎమ్మెల్యేకు 25 ఏళ్లు నిండితే చాలు, ఎమ్మెల్సీకి 30 నిండాలి. స్థానిక సంస్థల కోటాలో వచ్చే ఎమ్మెల్సీ సీటు సులువని చెప్పినవాళ్లు ఒక మాట దాచారు. ఆ ఎన్నికలో సర్పంచికి ఓటు లేదు. ఓటు ఎంపీటీసీలు (మండల పరిషత్తు సభ్యులు), జడ్పీటీసీలు, మున్సిపల్ కౌన్సిలర్లు, కార్పొరేటర్లది. మీ చేతిలో చెక్కు ఉంది కానీ ఆ ఓటు లేదు, ఎంపీటీసీకి ఆ ఓటు ఉంది కానీ చెక్కు లేదు. పైగా మీ ఎన్నికకు పార్టీ గుర్తుండదు, వాళ్లు గెలిచేది పార్టీ గుర్తు మీద. అందుకే ఎమ్మెల్సీ ఎన్నిక రాగానే పార్టీలు ఎంపీటీసీలను బస్సులెక్కించి క్యాంపులకు తీసుకెళ్తాయి, సర్పంచులను పిలవవు. పార్టీ లెక్కలోకి రావాలంటే మీ తర్వాతి మెట్టు జడ్పీటీసీయే అని నా అభిప్రాయం. మండలమంతా ఓటేస్తుంది, జడ్పీ సమావేశంలో ఎమ్మెల్యేల పక్కన కూర్చుని మాట్లాడొచ్చు.

రేవంత్ రెడ్డి గారు 2006లో మిడ్జిల్ జడ్పీటీసీగా ఇండిపెండెంట్‌గా గెలిచి, 2007లో మహబూబ్‌నగర్ స్థానిక సంస్థల ఎమ్మెల్సీ అయ్యారు, అదీ ఇండిపెండెంట్‌గానే. 2009లో కొడంగల్ ఎమ్మెల్యే. పద్మా దేవేందర్ రెడ్డి గారు 2001లో రామాయంపేట జడ్పీటీసీ, 2004లో అక్కడే ఎమ్మెల్యే, 2014లో తెలంగాణ తొలి డిప్యూటీ స్పీకర్.

నాకు ఎక్కువ ఇష్టమైన ప్రయాణం మాత్రం సత్యవతి రాథోడ్ గారిది. 1989లోనే డోర్నకల్‌లో ఎమ్మెల్యేగా నిలబడి ఓడారు. ఆ తర్వాత సొంతూరు గుండ్రాతిమడుగు సర్పంచి అయ్యారు, జడ్పీటీసీ అయ్యారు. 2009లో అదే డోర్నకల్‌లో గెలిచి అసెంబ్లీలో అడుగుపెట్టారు. 2019లో ఎమ్మెల్సీగా మంత్రి అయ్యారు. ఎమ్మెల్యేగా ఓడిన మనిషి సర్పంచి పదవిని చిన్నదనుకోలేదు చూడండి, అది నాకు చాలా గొప్పగా అనిపిస్తుంది.

ఇప్పుడు మీరు చేయాల్సింది మండల సర్వసభ్య సమావేశానికి స్వయంగా వెళ్లడం. అక్కడ సర్పంచులు శాశ్వత ఆహ్వానితులు. ఓటు లేకపోయినా మాట్లాడే అవకాశం ఉంది. మా ఆఫీసులో ఒకసారి ఒక మహిళా సర్పంచి లేచి, మురుగుకాలువ పని ఎస్టిమేటు కాయితం చేత్తో పట్టుకుని "పని అయి ఇన్నాళ్లయింది, ఎంబీ ఎందుకు రాయలేదు సార్?" అని ఏఈ (అసిస్టెంట్ ఇంజినీరు) గారిని అడిగింది. ఎంబీ అంటే పని కొలతలు రాసే పుస్తకం, అది రికార్డు కాకపోతే బిల్లు రాదు, అప్పు తెచ్చి పని చేయించిన సర్పంచులందరి గోడూ అదే. అప్పటిదాకా ఫోన్లు చూసుకుంటున్నవాళ్లు తలలెత్తారు. టీ విరామంలో పక్క ఊళ్ల సర్పంచులు వాళ్ల కాయితాలు తెచ్చి ఆమె ముందు పెట్టారు. తర్వాతి ఎన్నికల్లో ఆమె జడ్పీటీసీగా గెలిచింది. మీ ఊరి రిజర్వేషన్ వచ్చేసారి మారిపోవచ్చు, అందుకే పక్క ఊళ్లకు మీ మొహం, మీ గొంతు తెలియాలి. మీ ఆయన తోడు వస్తానంటే రానివ్వండి, కుర్చీలో మాత్రం మీరే కూర్చోండి.

అసెంబ్లీ సీట్లలో మూడో వంతు మహిళలకు కేటాయిస్తూ 2023లో 106వ రాజ్యాంగ సవరణ వచ్చింది. జనగణన, నియోజకవర్గాల పునర్విభజన అయ్యాకే అమలని అందులో రాశారు. దానికోసం ఆగకండి, పార్టీ సభ్యత్వం ఇప్పుడే తీసుకోండి.

ప్రశ్న: ఎమ్మెల్యేగా ఇండిపెండెంట్‌గా నిలబడితే ఎంత డిపాజిట్ కట్టాలి?
– ఒక మాజీ వార్డు సభ్యుడు, ఖమ్మం

జవాబు: 10 వేల రూపాయలు, ఎస్సీ, ఎస్టీలకు 5 వేలు. పోలై చెల్లిన ఓట్లలో ఆరో వంతు దాటకపోతే తిరిగి రాదు. మీ నామినేషన్‌ను ఆ నియోజకవర్గ ఓటర్లు 10 మంది ప్రతిపాదించాలి. గుర్తింపు పొందిన పార్టీ అభ్యర్థికైతే ఒక్కరు చాలు. వాళ్ల పేర్లు, ఓటరు జాబితాలో వరుస సంఖ్యలు ముందే సరిచూసుకోండి, పరిశీలనలో నామినేషన్లు అక్కడ కూడా పోతుంటాయి.